ఏ నీళ్లలో దిగారు?

ఆషాఢం దాటేసరికి యానాం దగ్గర గౌతమి రంగు మారిపోతుంది. ఎగువన కురిసిన వానల ఎర్రనీరు పాయ నిండా పరుచుకుంటుంది. పడవ ఒడ్డుకు చేరితే చాలు, పులస పడిందా అన్నదే అందరి ప్రశ్న. సరిగ్గా అవే వారాల్లో ఆసుపత్రి ఓపీ ముందు కూడా వరస పెరుగుతుంది. చలి, ఒళ్లు నొప్పులు, కళ్ల వెనక పోటు, నోరు చేదు, రెండు మెట్లెక్కితే ఆయాసం. చీటీ మీద పడే మాట మాత్రం ఒక్కటే: జ్వరం.

ఆ ఒక్క మాట చాటున డెంగీ ఉండొచ్చు, మలేరియా ఉండొచ్చు, టైఫాయిడ్ ఉండొచ్చు. ఎలుకల మూత్రం కలిసిన నీటి వల్ల వచ్చే లెప్టోస్పైరోసిస్ ఉండొచ్చు. పొదల్లో ఉండే కంటికి ఆనని నల్లి పిల్ల కుట్టడం వల్ల వచ్చే స్క్రబ్ టైఫస్ ఉండొచ్చు. మొదటి మూడు రోజులూ ఇవన్నీ దాదాపు ఒకేలా కనిపిస్తాయి. ఆ తర్వాత దారులు చీలిపోతాయి. ఒకటి తనంతట తానే తగ్గుతుంది. ఒకటి జ్వరం తగ్గాకే ప్రాణం మీదికి తెస్తుంది. ఇంకొకటి చవకైన మాత్రతో రెండు రోజుల్లో లొంగుతుంది. ఆ మాత్ర పడకపోతే ఊపిరితిత్తుల్నీ కిడ్నీల్నీ పట్టుకుంటుంది.

ఈ చిక్కుముడి విప్పడమే వృత్తిగా పెట్టుకున్న వైద్యులు ఉన్నారు. ఇన్ఫెక్షియస్ డిసీజెస్ స్పెషలిస్టులు అంటారు. గుండెకు ఒక డాక్టరు, కిడ్నీకి ఒక డాక్టరు ఉన్నట్టు వీళ్లకు శరీరంలో ఫలానా అవయవం అని లేదు. తల నుంచి పాదం దాకా ఎక్కడ క్రిమి చేరినా అది వీళ్ల పనే. ఎండీ జనరల్ మెడిసిన్ అయ్యాక మరో మూడేళ్లు ఇందులోనే డీఎం చదువుతారు. మన దేశంలో ఆ చదువు వయసు చాలా తక్కువ, సీట్లు అంతకన్నా తక్కువ. ఉన్న కొద్దిమందీ మహానగరాల పెద్ద ఆసుపత్రుల్లో, ఐసీయూల్లో, అవయవ మార్పిడి విభాగాల్లో పని చేస్తున్నారు. అక్కడ వాళ్ల అవసరం ఉంది, కాదనలేం. కానీ వాన జ్వరాలన్నీ వచ్చి చేరే డెల్టా చివర వాళ్లు లేకపోవడం నన్ను చాలాకాలంగా బాధిస్తున్న సంగతి.

యానాం అందుకు సరైన ఉదాహరణ. విస్తీర్ణం 30 చదరపు కిలోమీటర్లు, 2011 జనాభా లెక్కల ప్రకారం 55 వేలకు పైగా మనుషులు. ఒక పక్క గౌతమి, ఇంకో పక్క కోరంగి పాయ, అవతల మడ అడవులు, దరియాలతిప్ప దాటితే సముద్రం. చుట్టూ వరి చేలు, రొయ్యల చెరువులు. నీటిలో పుట్టే జబ్బు, దోమ మోసే జబ్బు, బురదలో దాగే జబ్బు, మూడింటికీ ఇక్కడ చోటుంది. 2022 జూలై వరదలో గౌతమి యానాం కాలనీల్లోకి వచ్చి రోజుల తరబడి నిలిచింది. అదే నెలలో, యానాం కూడా భాగమైన పుదుచ్చేరి కేంద్రపాలిత ప్రాంతంలోని కారైకాల్‌లో కలరా నిర్ధారణై ప్రజారోగ్య అత్యవసర పరిస్థితి ప్రకటించాల్సి వచ్చింది.

పిక్కలు నొక్కి చూడటం

ఈ స్పెషలిస్టుల వైద్యం ఎలా ఉంటుందో చెప్పాలంటే ఒక ఓపీని ఊహించుకోవాలి. యాభై ఏళ్ల మనిషి, అయిదు రోజుల జ్వరం. అప్పటికే సెలైన్ ఎక్కించుకున్నాడు, ఏవో ఇంజెక్షన్లు పడ్డాయి. మాట ఇలా సాగాలి.

"అంతకు ముందు రెండు వారాల్లో ఎక్కడికన్నా వెళ్లారా బాబాయ్?"

"ఎక్కడికీ లేదండి. ఇంటి దగ్గరే."

"పనేంటి?"

"రొయ్యల చెరువండి. వరద తీశాక గట్టు తెగితే మట్టేశాం."

"ఏ నీళ్లలో దిగారు? చెరువులోనా, బోదెలోనా?"

"రెండిట్లోనూనండి."

"కాళ్లకి ఏమన్నా వేసుకున్నారా?"

"బురదలో చెప్పులేంటండి, ఆయ్."

ఆ జవాబుతో డాక్టరు వంగి కాళ్ల వేళ్ల మధ్య చూస్తాడు. నీళ్లలో నాని ఒరుసుకుపోయిన చర్మం. పిక్కలు నొక్కితే మనిషి అరుస్తాడు. కళ్లు ఎర్రగా ఉన్నాయి, కానీ పుసి లేదు. ఈ మూడూ కలిస్తే లెప్టోస్పైరోసిస్ వైపు చూడాలి. ఒళ్లు పచ్చబడటం, మూత్రం తగ్గడం మొదలైతే కిడ్నీలు దెబ్బతింటున్నాయని అర్థం. ల్యాబ్ ఫలితం వచ్చేదాకా ఆగకుండా మందు మొదలుపెట్టాలి.

అదే మనిషి చెరువు మీద కాక తోటలో గడ్డి కోసి వచ్చి ఉంటే వెతకాల్సింది వేరు. చొక్కా విప్పించి చంకల్లో, మొలతాడు కింద, గజ్జల్లో చూడాలి. స్క్రబ్ టైఫస్‌లో నల్లి పిల్ల కుట్టిన చోట సిగరెట్‌తో కాల్చినట్టు నల్లటి పెచ్చు కడుతుంది. అది నొప్పి పెట్టదు, దురద పెట్టదు. అందుకే రోగికి కూడా తెలియదు. పరదా వేసి, ఆడవాళ్లకైతే నర్సును పక్కన పెట్టుకుని, రెండు నిమిషాలు కేటాయిస్తే దొరుకుతుంది. ఆ పెచ్చు కనబడితే రోగం దాదాపు తేలిపోయినట్టే. సాధారణంగా జ్వరాలకు పొడిచే సెఫ్‌ట్రియాక్సోన్ ఇంజెక్షన్ దీని మీద పనిచేయదు, డాక్సీసైక్లిన్ పనిచేస్తుంది. తీవ్రంగా ముదిరిన స్క్రబ్ టైఫస్‌లో డాక్సీసైక్లిన్, అజిత్రోమైసిన్ రెండూ కలిపి ఇస్తే మేలని మన దేశంలోనే 794 మంది రోగుల మీద జరిగిన పరీక్ష 2023లో తేల్చింది. ఆ ఫలితం ప్రపంచానికంతా ఉపయోగపడింది.

పరికరాలకన్నా ముందు ప్రశ్నలు, కళ్లు, వేళ్లు పనిచేసే వైద్యం ఇది. ఒక్క ఓపీలో వందమంది కూర్చుని ఉంటే ఆ ప్రశ్నలు అడిగే తీరిక ఉండదు. ఆ డాక్టర్లను తప్పు పట్టను. పని అంత ఉన్నప్పుడు మనిషి చీటీ చూస్తాడు, మందు రాస్తాడు.

కోరంగి నుంచి హార్వర్డ్ దాకా

ఈ డాక్సీసైక్లిన్ పూర్వీకుల్ని వెతుక్కుంటూ వెళితే మళ్లీ ఈ తీరానికే వస్తాం. ఈ సంగతి గోదావరి జిల్లాల్లో ఇంకా ఎక్కువమందికి తెలియాలి.

యానాం పక్కనే ఉన్న కోరంగి ఒకప్పుడు పెద్ద రేవు. 1839 తుపాను ఆ రేవును తుడిచిపెట్టింది. ఆ పేరు మాత్రం సముద్రం దాటి బతికింది. రంగూన్‌లో కూలీకి, ఓడపనికి వెళ్లిన తెలుగువాళ్లను అక్కడ కోరంగీలు అనే పిలిచేవారు. అలా ఈ తీరం నుంచి వెళ్లి రంగూన్‌లో వ్యాపారం చేసి సంపాదించినవారు మల్లాడి సత్యలింగ నాయకర్. తన ఆస్తిని కాకినాడలో ధర్మసంస్థగా మార్చారు. ఎంఎస్ఎన్ ఛారిటీస్ అంటే ఇప్పటికీ కాకినాడలో తెలియనివారుండరు.

ఆ ధర్మసంస్థ సాయం చేస్తామన్న భరోసాతో, అనపర్తికి చెందిన మామగారు కూడగట్టిన డబ్బుతో 1922 అక్టోబరులో ఒక యువకుడు బోస్టన్‌లో దిగారు. ఆయన యల్లాప్రగడ సుబ్బారావు. 1895 జనవరి 12న భీమవరంలో పుట్టారు. ఇద్దరు అన్నదమ్ములు స్ప్రూ అనే పేగుల జబ్బుతో కొద్ది రోజుల తేడాలో పోయారు. తనకూ అదే జబ్బు వస్తే ఆచంట లక్ష్మీపతి ఆయుర్వేద వైద్యంతో బతికారు. మద్రాసు వైద్య కళాశాలలో ఖద్దరు కట్టినందుకు ఆంగ్లేయ ప్రొఫెసరు కోపానికి గురై ఎంబీబీఎస్ బదులు ఎల్ఎంఎస్‌తో బయటపడ్డారు. హార్వర్డ్‌లో చేరింది ఉష్ణమండల వ్యాధుల పాఠశాలలోనే. డెల్టాలో తన కళ్లముందు మనుషుల్ని తీసుకుపోయిన జబ్బులే ఆయన్ని అక్కడికి నడిపించాయని నేను నమ్ముతాను.

తర్వాతి కథ చాలామంది చదివిందే. రక్తంలో భాస్వరాన్ని కొలిచే పద్ధతి, కండరాలకు శక్తినిచ్చే ఏటీపీ మీద పని, 1940లో లెడర్లీ కంపెనీలో చేరిక, అక్కడ ఆయన ఆధ్వర్యంలో ఫోలిక్ యాసిడ్. నేను ఆగాలనుకునేది రెండు మందుల దగ్గర.

మొదటిది 1947లో వచ్చిన హెట్రజాన్. అసలు పేరు డైఇథైల్‌కార్బమజైన్, మన ఆశా కార్యకర్తల నోట డీఈసీ మాత్ర. బోదకాలు మందు. రెండో ప్రపంచ యుద్ధంలో పసిఫిక్ దీవుల్లో అమెరికా సైనికులకు ఫైలేరియా సోకాకే అక్కడ దానికి మందు కావాలన్న తొందర పుట్టింది. గోదావరి డెల్టాకు ఆ జబ్బు తరతరాలుగా తెలుసు. ఏనుగు కాలంత కాలితో అరుగు మీద కూర్చున్న మనిషి లేని ఊరు ఒకప్పుడు ఇక్కడ అరుదు. 1955లో జాతీయ ఫైలేరియా నియంత్రణ కార్యక్రమం మొదలైంది. దేశంలో ఫైలేరియా శిక్షణ, పరిశోధన కేంద్రాలు మూడు చోట్ల పెడితే వాటిలో ఒకటి రాజమండ్రిలో పెట్టారు.

ఈ జబ్బును పట్టుకోవాలంటే రాత్రి పూట రక్తం తీయాలి. బోదకాలు పురుగు పిల్లలు పగలంతా ఊపిరితిత్తుల లోతుల్లో దాక్కుని, రాత్రి పది నుంచి రెండు గంటల మధ్య పైరక్తంలోకి వస్తాయి. మురుగునీటి క్యూలెక్స్ దోమ కుట్టే వేళ కూడా అదే. అందుకే ఫైలేరియా సిబ్బంది ఊరు భోజనాలు చేసి పడుకునే సమయానికి టార్చిలైటు, గాజు పలకలు, సూది పట్టుకుని ఇంటింటికీ వెళ్తారు. నిద్రమత్తులో ఉన్న పిల్లాడి వేలు పొడిచి మూడు చుక్కలు తీసుకుంటారు. తలుపు తట్టినందుకు తిట్లు తింటారు. 2004 నుంచి ఏటా ఊరందరికీ ఒకేసారి మాత్రలు మింగించే కార్యక్రమం వచ్చింది. డీఈసీ పురుగు పిల్లల్ని బాగా చంపుతుంది, తల్లి పురుగుల్ని అంతగా చంపలేదు. ఆ తల్లులు ఒంట్లో అయిదారేళ్లు బతుకుతాయి. అందుకే ఏళ్ల తరబడి వరసగా మింగాలి. జబ్బు లేనివాళ్లకు మాత్రలెందుకని అడిగేవాళ్లకు జవాబు ఇదే: కాలు వాచకముందు ఎన్నో ఏళ్లు ఈ పురుగు ఒంట్లో చప్పుడు లేకుండా ఉంటుంది, ఆ మనిషిని కుట్టిన దోమ పక్కింటికి పోతుంది.

రెండో మందు ఆరియోమైసిన్. మిస్సోరీ నేలలోని బంగారు రంగు సూక్ష్మజీవి నుంచి బెంజమిన్ డగ్గర్ తీశారు. అప్పుడు లెడర్లీ పరిశోధన విభాగానికి అధిపతి సుబ్బారావు. ఆ మందు 1948లో లోకానికి తెలిసింది. ఆ ఏడాది ఆగస్టులోనే ఆయన నిద్రలో కన్నుమూశారు, 53 ఏళ్లకు. టెట్రాసైక్లిన్ కుటుంబంలో మొదటి మందు అది. 1994లో సూరత్‌లో ప్లేగు భయం పుట్టినప్పుడు దేశమంతా జనం దుకాణాల్లో వెతికింది ఆ కుటుంబం మాత్రలనే. అదే కుటుంబంలో 1967లో వచ్చినది డాక్సీసైక్లిన్. రొయ్యల చెరువు గట్టు వేసిన మనిషికీ, గడ్డి కోసిన మనిషికీ ఇప్పుడు ప్రాణం నిలిపేది అదే.

మట్టిలోని క్రిమి

రంగూన్ పేరు ఎత్తాం కాబట్టి ఇంకో జబ్బు గురించి చెప్పాలి. 1912లో రంగూన్ ఆసుపత్రిలో ఆల్ఫ్రెడ్ విట్మోర్, ఆయన సహాయకుడు సి.ఎస్. కృష్ణస్వామి అంతవరకూ ఎవరూ వర్ణించని ఒక రోగాన్ని రాసి ప్రకటించారు. ఇప్పుడు దాన్ని మెలియోయిడోసిస్ అంటున్నాం. దాని క్రిమి తడి మట్టిలో, వరిచేల నీటిలో బతుకుతుంది. వానలు పడ్డాక గాయం ద్వారానో, పీల్చిన తుంపర ద్వారానో ఒంట్లోకి వస్తుంది. షుగరున్నవాళ్లను ఎక్కువగా పట్టుకుంటుంది. ఊపిరితిత్తుల్లో చేరితే టీబీలా కనిపిస్తుంది, కాలేయంలో చేరితే చీముగడ్డ అవుతుంది.

2025లో గుంటూరు దగ్గర తురకపాలెంలో కొద్ది నెలల్లోనే మనుషులు ఒకరి తర్వాత ఒకరు చనిపోతుంటే ఈ పేరు తెలుగు పత్రికల మొదటి పేజీకి ఎక్కింది. అనుమానం వినిపించేసరికే చాలా ఆలస్యమైంది. ఈ క్రిమిని రక్తం కల్చర్‌లో పెంచి చూడాలి, పెరిగాక కూడా తెలియని కళ్లు దాన్ని మామూలు సూడోమొనాస్ అనుకుని పక్కన పెట్టేస్తాయి. రోగం తేలితే కనీసం పది పద్నాలుగు రోజులు ఖరీదైన ఇంజెక్షన్లు, ఆ పైన మూడు నెలలు మాత్రలు. మధ్యలో ఆపితే తిరగబెడుతుంది. వరి, బురద, షుగరు మూడూ దండిగా ఉన్న గోదావరి జిల్లాల్లో, యానాంలో టీబీ మందులకు లొంగని ప్రతి రోగి దగ్గరా ఈ పేరు ఒకసారి తలుచుకోవాలి.

పాజిటివ్ అన్న మాట

మన ఊళ్లలో జ్వరం వైద్యం రెండు పరీక్షల మీద నడుస్తోంది. ఒకటి ప్లేట్‌లెట్లు, రెండోది వైడాల్.

డెంగీలో ప్లేట్‌లెట్లు తగ్గుతాయి, నిజమే. కానీ ప్రాణం తీసేది రక్తనాళాల నుంచి నీరు బయటికి జారిపోయి రక్తం చిక్కబడటం. జ్వరం దిగిందని ఇంట్లో అందరూ ఊపిరి పీల్చుకునే నాలుగో, అయిదో రోజునే అది మొదలవుతుంది. ఆగని కడుపునొప్పి, వరస వాంతులు, చిగుళ్ల నుంచి రక్తం, మనిషి మత్తుగా పడి ఉండటం: వీటిలో ఏది కనబడినా అర్ధరాత్రయినా ఆసుపత్రికి తీసుకెళ్లాలి. బొప్పాయి ఆకు రసం తాగించి తెల్లవారేదాకా చూద్దామనుకోకూడదు. నొప్పులకు ఐబుప్రొఫెన్ లాంటివి వేయకూడదు, పారాసిటమాల్ చాలు.

వైడాల్ 1896లో ఫ్రెంచి వైద్యుడు ఫెర్నాండ్ విడాల్ పేరు మీద వచ్చిన పరీక్ష. పాత జ్వరాల జాడలకు కూడా అది పాజిటివ్ చూపిస్తుంది. టైఫాయిడ్ తిరిగే మన ప్రాంతంలో ఒక్కసారి చేసిన వైడాల్ మీద ఆధారపడి మందు మొదలుపెట్టడం గుడ్డిగా మొదలుపెట్టడమే. టైఫాయిడ్ అవునో కాదో చెప్పేది రక్తం కల్చర్. అది యాంటీబయోటిక్ పడకముందు తీయాలి. మొదటి రోజే ఇంజెక్షన్ పొడిచేశాక తీసిన కల్చర్‌లో తరచూ ఏమీ పెరగదు.

ఆ అడ్డదిడ్డపు యాంటీబయోటిక్‌ల ఫలితం ఒక్క రోగితో ఆగదు. 2019లో ప్రపంచంలో మందులకు లొంగని బ్యాక్టీరియా వల్ల నేరుగా 12.7 లక్షల మంది చనిపోయారని అంచనా. మన దగ్గర ఆ మందులు మనుషులకే కాదు, రొయ్యల చెరువుల్లోకీ పోశారు. క్లోరాంఫెనికాల్, నైట్రోఫ్యూరాన్లు చెరువుల్లో వాడకూడదని నిషేధం ఉన్నా, అవశేషాలు దొరికి కంటైనర్లు వెనక్కి వచ్చిన ఉదంతాలు ఆక్వా రైతులకు బాగా తెలుసు. చెరువు నీళ్లు వెళ్లేది బోదెలోకి, అక్కడి నుంచి గౌతమిలోకి. ఇన్ఫెక్షియస్ డిసీజెస్ డాక్టరు ఆసుపత్రిలో చేసే పనిలో సగం యాంటీబయోటిక్ రాయడం. మిగతా సగం వద్దని ఆపడం. ఆ రెండో సగానికి ఎక్కువ చదువు, ఎక్కువ ధైర్యం కావాలి.

మూడు ప్రభుత్వ కార్యాలయాలు, ఒకే దోమ

మనకు అంటువ్యాధుల ఆసుపత్రులు లేకపోలేదు. హైదరాబాదు నల్లకుంట ఫీవర్ ఆసుపత్రిని జనం కోరంటి దవాఖానా అనేవారు. దానికి 1897 ఆగస్టు 20న సికింద్రాబాదులో మలేరియా దోమ గుట్టు విప్పిన రొనాల్డ్ రాస్ పేరు పెట్టారు. గుంటూరులో జ్వరాల ఆసుపత్రి, విశాఖలో ఛాతీ, అంటువ్యాధుల ఆసుపత్రి ఉన్నాయి. ఇవన్నీ యానాంకు దూరం. యానాం రోగి పరుగెత్తేది 30 కిలోమీటర్ల లోపున్న కాకినాడ జీజీహెచ్‌కి. ఎదుర్లంక వంతెన వచ్చాక కోనసీమ రోగి యానాం రావడం కూడా తేలికయింది. 

రోగులు ఇలా అటూ ఇటూ నడుస్తుంటే లెక్కలు మాత్రం విడివిడిగా నడుస్తాయి. యానాం కేసు 850 కిలోమీటర్లకు పైనే ఉన్న పుదుచ్చేరి లెక్కలోకి వెళ్తుంది. తాళ్లరేవు కేసు కాకినాడ జిల్లా లెక్కలోకి, ఐ.పోలవరం కేసు కోనసీమ లెక్కలోకి. మూడు చోట్లా నాలుగేసి కేసులు వస్తే ఎవరికీ అలజడి అనిపించదు. పన్నెండూ ఒక్క కాగితం మీద కనబడితే ఎవరైనా లేచి వచ్చి డ్రైన్లు చూస్తారు. యానాంలో 1954లో ఫ్రెంచి జెండా దిగింది, 1962లో విలీనం చట్టబద్ధమైంది. జ్వరాల లెక్క కలపడానికి అంతటి ఒప్పందాలేమీ అక్కర్లేదు. ముగ్గురు అధికారులు వారానికోసారి ఫోనులో మాట్లాడుకుంటే సరిపోతుంది.

యానాంకు కలిసొచ్చే విషయాలు కూడా ఉన్నాయి. దోమల మీద పరిశోధన చేసే సంస్థ వెక్టర్ కంట్రోల్ రీసెర్చ్ సెంటర్ 1975 నుంచి పుదుచ్చేరిలో ఉంది. 1823 నాటి ఫ్రెంచి వైద్య పాఠశాల నుంచి పెరిగి 1964లో ఆ పేరు పొందిన జిప్మర్ ఉంది. ఆ జిప్మర్ ఇప్పుడు యానాంకే వచ్చింది. 90 పడకల మల్టీ స్పెషాలిటీ కన్సల్టింగ్ యూనిట్‌ను 2024 ఫిబ్రవరి 25న ప్రధాని జాతికి అంకితం చేశారు. గుండె, కిడ్నీ, నరాల నిపుణులు కావాలని అందరూ అడుగుతారు, అడగాలి కూడా. నేను ఆ వరసలో ముందు పేరుగా ఇన్ఫెక్షియస్ డిసీజెస్‌ను రాస్తాను. వచ్చిపోయే డాక్టరు కాదు, వానాకాలమంతా ఇక్కడే ఉండే డాక్టరు. పక్కన రాత్రి కూడా పనిచేసే ల్యాబు, రక్తం కల్చర్ సీసాలు, ఆ క్రిములను గుర్తుపట్టే మైక్రోబయాలజిస్టు. కాకినాడ రంగరాయ వైద్య కళాశాల పిల్లలు అక్కడికి వచ్చి నెల రోజులు జ్వరాలు చూస్తే రెండు ప్రభుత్వాలకూ లాభమే.

ఆ ఏర్పాటు వచ్చేలోగా జ్వరం పడినవాళ్లు చేయగలిగింది కొంత ఉంది. జ్వరం మొదలైన తేదీ, పూట కాగితం మీద రాసుకోండి. అంతకు ముందు మూడు వారాల్లో ఏ ఊరు వెళ్లారో, ఏ నీళ్లు తాగారో, ఏ నీళ్లలో దిగారో, ఎక్కడ గడ్డి కోశారో, ఇంట్లో ఇంకెవరికి జ్వరం ఉందో, షుగరుందో లేదో రాయండి. డాక్టరు అడగకపోయినా చెప్పండి. ఆర్ఎంపీ దగ్గర ఇంజెక్షన్ చేయించుకుంటే దాని పేరు రాయించుకోండి, వేసుకున్న మాత్రల ఖాళీ స్ట్రిప్పులు పారేయకుండా వెంట తీసుకెళ్లండి.